నాలుగో పొట్లం ఎవరిది?

(చిన్న ఆహార వ్యాపారుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఒక కాగితం సంగతితో మొదలుపెడతాము. పాలమూరు ప్రాంతంలోని ఒక పట్టణం నుంచి ఒక బేకరీ యజమాని కొన్ని నెలల క్రితం మా న్యాయ సహాయ బృందం వద్దకు వచ్చారు. చేతిలో ప్లాస్టిక్ సంచి, అందులో లెక్కల పుస్తకం, ఆ పుస్తకంలో మడతపెట్టిన నాలుగు కాగితాలు. మే నెలలో ఒక మధ్యాహ్నం ఆహార భద్రతా అధికారి దుకాణానికి వచ్చి బిస్కెట్ల నమూనా తీసుకున్నారు. యజమాని జుహ్ర్ నమాజుకు వెళ్లి ఉన్నారు. కౌంటర్ దగ్గర పనిచేసే కుర్రాడు చూపించిన చోటల్లా సంతకం చేశాడు. రెండు నెలలు గడిచాక తపాలాలో ఇంగ్లీషులో ఒక నివేదిక వచ్చింది. ఆయన ఉర్దూ చదవగలరు, తెలుగు చదవగలరు, ఇంగ్లీషు చదవలేరు. బ్యాంకు కాగితమేమో అనుకుని లెక్కల పుస్తకంలో పెట్టారు. ఆ తర్వాత అదనపు కలెక్టర్ కార్యాలయం నుంచి విచారణ నోటీసు వచ్చినప్పుడు మాత్రమే కాళ్ల కింద నేల కదిలినట్లయి మమ్మల్ని వెతుక్కుంటూ వచ్చారు.

ఆ నివేదికలో రెండు ఆరోపణలు ఉన్నాయి. మొదటిది, ప్యాకెట్ మీద తయారీ తేదీ, బ్యాచ్ నంబరు లేవు కనుక అది మిస్‌బ్రాండెడ్ సరుకు. రెండవది, బిస్కెట్ నుంచి తీసిన కొవ్వులో ఆమ్లత్వం ఉండవలసిన 1.5 శాతం కంటే ఎక్కువగా ఉంది కనుక అది నాసిరకం సరుకు. మొదటి ఆరోపణ నిజం. రబ్బరు స్టాంపు అరిగిపోయింది, కొత్తది చేయించలేదు. ఆ మాట ఆయనే ఒప్పుకున్నారు. రెండవదాని గురించి మాత్రం ఆయన అడిగిన ప్రశ్న మమ్మల్ని ఆలోచింపజేసింది. "సాబ్, మే నెల ఎండలో తీసుకెళ్లిన బిస్కెట్‌ను ఎన్ని రోజులకు పరీక్షించారు? అప్పటిదాకా ఎక్కడ పెట్టారు?"

బేకరీ పని తెలిసినవారికి ఇందులో వింత లేదు. కొవ్వు వేడికీ గాలికీ పాడవుతుంది, రోజులు గడిచినకొద్దీ ఆమ్లత్వం పెరుగుతుంది. కాబట్టి పరీక్ష ఏ రోజున జరిగింది, అంతవరకు నమూనా ఏ స్థితిలో ఉంది అన్నవే అసలు ప్రశ్నలు. వాటిని అడిగే హక్కు చట్టం ఆయనకు ఇచ్చింది. అయితే ఆ హక్కును వాడుకునే సమయం ఆయనకు తెలియకుండానే రెండుసార్లు వచ్చి వెళ్లిపోయింది. ఈనాటి మా ప్రసంగం ఆ రెండు సమయాల గురించే.

ఆహార భద్రతా ప్రమాణాల చట్టం 2006లో వచ్చింది, 2011 ఆగస్టు నుంచి పూర్తిగా అమలులోకి వచ్చింది. అంతకుముందు 1954 నాటి ఆహార కల్తీ నిరోధక చట్టం ఉండేది. కొత్త చట్టంలోని 47వ సెక్షన్ ప్రకారం అధికారి నమూనా తీసుకునేటప్పుడు, దానిని పరీక్షకు పంపుతున్నామని వ్యాపారికి అక్కడికక్కడే రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి. నమూనాను నాలుగు భాగాలు చేసి, ఒక్కొక్కదానికి సీలు వేయాలి. ఒక భాగం ఫుడ్ అనలిస్టుకు వెళుతుంది. రెండు భాగాలు డిజిగ్నేటెడ్ ఆఫీసర్ దగ్గర భద్రంగా ఉంటాయి. ఇక నాలుగో భాగం సంగతి. వ్యాపారి కోరినట్లయితే దానిని గుర్తింపు పొందిన మరొక ప్రయోగశాలకు పంపాలి. అంటే ప్రభుత్వ పరీక్ష మీద మీకు నమ్మకం లేకపోతే మీ ఖర్చుతో మరో పరీక్ష జరిపించుకోవచ్చు. రెండు నివేదికలు వేర్వేరుగా వస్తే డిజిగ్నేటెడ్ ఆఫీసర్ తన దగ్గర ఉన్న భాగాన్ని రెఫరల్ ప్రయోగశాలకు పంపాలి. దాని మాటే తుది మాట.

ఇది మొదటి సమయం. నాలుగో పొట్లాన్ని వేరే ప్రయోగశాలకు పంపమని ఆ క్షణంలోనే, కాగితం మీదనే కోరాలి. బేకరీలో ఆ క్షణాన ఉన్నవాడు పద్దెనిమిదేళ్ల కుర్రాడు. ఎదుట అధికారి, ఇద్దరు సహాయకులు, వీధిలో చూస్తున్న పదిమంది. నాలుగో భాగం వద్దు అన్నట్లుగా కాగితం నిండింది, అతడు సంతకం చేశాడు. అధికారి మోసం చేశారని మేము అనడం లేదు. ఎవరూ చెప్పలేదు, అతడూ అడగలేదు, అంతే. ఒక కుటుంబం జీవనాధారం మాత్రం ఆ ఒక్క సంతకంతో చిక్కులో పడింది.

రెండవ సమయం నివేదిక అందిన తరువాత వస్తుంది. అనలిస్టు నివేదిక మీద డిజిగ్నేటెడ్ ఆఫీసర్‌కు అప్పీలు చేసుకోవచ్చు. నివేదిక ప్రతి చేతికందిన 30 రోజులలోగా, ఎనిమిదో నంబరు ఫారంలో చేయాలి. లెక్కల పుస్తకంలో మడతపెట్టిన కాగితం ఆ 30 రోజులూ అక్కడే నిద్రపోయింది.

ఈ హక్కు ఎంత విలువైనదో తెలియాలంటే ఒక పాత కేసు గుర్తు చేసుకోవాలి. ఢిల్లీలో ఘీసారామ్ అనే వ్యాపారి దుకాణం నుంచి మునిసిపల్ అధికారులు పెరుగు నమూనా తీశారు. కల్తీ అని నివేదిక వచ్చింది. కాని కేసు పెట్టేసరికి నెలలు గడిచాయి. ఆయన చట్టం ఇచ్చిన హక్కు ప్రకారం రెండో పరీక్ష కోరితే, కేంద్ర ప్రయోగశాల ఆ పెరుగు కుళ్లిపోయింది, పరీక్షించలేము అని తిప్పి పంపింది. 1967లో సుప్రీంకోర్టు ఆ కేసులో శిక్ష నిలవదని తేల్చింది. ప్రాసిక్యూషన్ చేసిన జాప్యం వల్ల ముద్దాయి తనను తాను రక్షించుకునే విలువైన హక్కును కోల్పోతే, ఆ నష్టం ముద్దాయి నెత్తిన వేయకూడదన్నది ఆ తీర్పు సారం. పాత చట్టం కిందనే 2021 అక్టోబరులో నారాయణ ప్రసాద్ సాహు కేసులో అదే కోర్టు మరొక మెట్టు ఎక్కింది. నివేదికను తపాలాలో వేశామని చెబితే చాలదు, అది ముద్దాయికి అందిందని నిరూపించాలి అన్నది. చట్టం మారినా ఈ సూత్రాల బలం తగ్గలేదని మా నమ్మకం. కనుక మీకు కాగితం వచ్చిన కవరును పారవేయకండి. దాని మీది తపాలా ముద్రే ఒక్కోసారి మీ తరఫు సాక్షి.

ఇదంతా పేదవాడి కేసుల సంగతి. పెద్దవారి కేసు ఒకటి చూద్దాము. 2015లో మ్యాగీ నూడుల్స్ విషయంలో దేశమంతా అల్లకల్లోలమైంది. సీసం పరిమితికి మించి ఉందని, ప్యాకెట్ మీద ఎం.ఎస్.జి. కలపలేదని రాసి జనాన్ని తప్పుదోవ పట్టించారని ఆరోపణలు వచ్చాయి. జూన్ 5న కేంద్ర ఆహార భద్రతా ప్రాధికార సంస్థ తొమ్మిది రకాల మ్యాగీని మార్కెట్ నుంచి వెనక్కి తీసుకోవాలని ఆదేశించింది. నెస్లే కంపెనీ బొంబాయి హైకోర్టుకు వెళ్లింది. ఆగస్టు 13న హైకోర్టు ఆ ఆదేశాన్ని కొట్టివేసింది. కంపెనీ వాదన వినకుండా నిషేధించడం సహజ న్యాయ సూత్రాలకు విరుద్ధమని, పరీక్షలు చేసిన ప్రయోగశాలలకు చట్టం కోరే గుర్తింపు లేదని కోర్టు అన్నది. కొత్త నమూనాలను మూడు గుర్తింపు పొందిన ప్రయోగశాలల్లో పరీక్షించమన్నది. ఆ మూడింటిలో ఒకటి మన హైదరాబాదులోనిదే. పరీక్షల్లో నెగ్గి నవంబరులో మ్యాగీ మళ్లీ దుకాణాల్లోకి వచ్చింది.

ఆ తీర్పు సరైనదేనని మేము అంటాము. పెద్ద కంపెనీ అని న్యాయం నిరాకరించకూడదు. అయితే ఆ తీర్పు చెప్పిన సూత్రంలో కంపెనీ పరిమాణం గురించి ఒక్క మాటా లేదు. వినకుండా శిక్షించవద్దు, గుర్తింపు లేని పరీక్షను నమ్మవద్దు అన్నవి నెస్లేకు ఎంత వర్తిస్తాయో, వీధి చివర కబాబు బండి పెట్టుకున్న వితంతువుకూ అంతే వర్తిస్తాయి. తేడా అల్లా ఆమె దగ్గర బొంబాయి వకీళ్లు లేకపోవడం. ఆమెకు వారం రోజులు బండి ఆగితే ఎనిమిదో రోజున పిల్లల ఫీజు ఆగుతుంది. మ్యాగీకి అయిదు నెలల తర్వాత మార్కెట్ తిరిగి దొరికింది. ఆమె నిలబడే చోటు అయిదు నెలలు ఖాళీగా ఉంటుందా?

బండి ఆపించడం గురించి కూడా చట్టం ఏమంటుందో వినండి. శుభ్రత లోపం, నిబంధనల ఉల్లంఘన కనిపిస్తే డిజిగ్నేటెడ్ ఆఫీసర్ ముందుగా ఇవ్వవలసింది సవరించుకోమని చెప్పే నోటీసు. అది 32వ సెక్షన్. ఏం తప్పు, ఎలా దిద్దుకోవాలి అన్నది అందులో రాయాలి. దిద్దుకోవడానికి 14 రోజులకు తక్కువ కాని గడువు ఇవ్వాలి. అప్పటికీ దిద్దుకోకపోతే లైసెన్సు నిలిపివేత. దాని మీద ఫుడ్ సేఫ్టీ కమిషనర్‌కు అప్పీలు. ప్రజల ఆరోగ్యానికి ప్రమాదం ఉన్నప్పుడు అత్యవసర నిషేధం కోసం 34వ సెక్షన్ ఉంది. అందులో కూడా ఉత్తర్వుకు కనీసం ఒక రోజు ముందు వ్యాపారికి నోటీసు అందాలి. ట్రేడ్ లైసెన్సు పేరు మీద మునిసిపాలిటీ వేరే అధికారం వాడవచ్చు, దానికైనా కాగితం ఉండి తీరాలి. నోటి మాట మీద షట్టరు దించమంటే, ఏ సెక్షన్ కింద అని మర్యాదగా అడగండి. మర్యాదగానే అడగండి. ఆ వీధిలో మన గొంతు పెరిగితే మరునాడు వీడియోలో కనిపించేది ఆ గొంతే గాని, ఎదుటివారు ఇవ్వని నోటీసు కాదు.

వేధింపుగా, కారణం లేకుండా సరుకు స్వాధీనం చేసుకున్న అధికారికి లక్ష రూపాయల వరకు జరిమానా విధించే సెక్షన్ కూడా ఈ చట్టంలో ఉంది, అది 39వది. ఈ మాట చెప్పగానే కొందరి ముఖాలు వెలగడం చూశాము. తొందరపడకండి. అదే సెక్షన్‌లో అధికారి మీద తప్పుడు ఫిర్యాదు చేసినవారికి 50 వేల నుంచి లక్ష వరకు జరిమానా ఉంది.

ఇక పోలీసు స్టేషన్ సంగతి. ఆహార కేసు అనగానే మనవాళ్లలో సగంమందికి ముందుగా గుర్తుకొచ్చేది ఎస్సై. పాత శిక్షాస్మృతిలో కల్తీ గురించి 272, 273 సెక్షన్లు ఉండేవి. ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో అవి 274, 275. ఏళ్ల తరబడి పోలీసులు వీటి కింద కేసులు పెట్టి, దుకాణాలు సోదా చేసి, మనుషుల్ని స్టేషన్లకు తీసుకెళ్లారు. అలా చేస్తే నమూనా నాలుగు భాగాలు కాదు, అనలిస్టు ఉండడు, 30 రోజుల అప్పీలు ఉండదు. ఆహార చట్టంలోని రక్షణలన్నీ ఒక్క ఎఫ్.ఐ.ఆర్.తో పక్కకు పోతాయి. గుట్కా కేసుల్లో ఉమ్మడి హైదరాబాదు హైకోర్టు 2018లోనే ఈ పద్ధతిని తప్పుపట్టింది. 2024 ఫిబ్రవరి 21న రామ్‌నాథ్ కేసులో సుప్రీంకోర్టు విషయాన్ని తేల్చింది. ప్రమాదకర ఆహారానికి శిక్ష విధించే 59వ సెక్షన్ ప్రత్యేక చట్టంలో ఉండగా, 89వ సెక్షన్ ఆ చట్టానికే పైచేయి ఇస్తుండగా, పాత 272, 273 సెక్షన్లు అక్కడ నిలవవన్నది. ఈ తీర్పును పేరుతో సహా గుర్తుపెట్టుకోండి. వకీలు దగ్గరకు వెళ్లినప్పుడు మీరే చెప్పవలసి రావచ్చు.

ఇంతవరకు చెప్పినది ఏ మతం వ్యాపారికైనా వర్తించేదే. ఇప్పుడు చెప్పబోయేది మన పేర్లకు సంబంధించినది.

2024 జూలైలో కావడి యాత్ర దారి పొడవునా ఉన్న హోటళ్లు, బండ్ల మీద యజమానుల పేర్లు రాయాలని ముజఫర్‌నగర్ పోలీసులు మొదలుపెట్టారు. తరువాత అది ఉత్తరప్రదేశ్ అంతటికీ, ఉత్తరాఖండ్‌కూ పాకింది. చెప్పిన కారణం భక్తులకు పారదర్శకత. జూలై 22న సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఏ రకం ఆహారం అమ్ముతున్నారో రాయమనవచ్చు గాని, యజమానుల పేర్లు, పనివాళ్ల పేర్లు రాయమని బలవంతం చేయరాదన్నది. ఆహార చట్టం ఏ అధికారికి ఏ అధికారం ఇచ్చిందో దానిని పోలీసులు లాక్కోలేరని కూడా అన్నది. ఆ ధర్మాసనంలో జస్టిస్ హృషీకేశ్ రాయ్‌తో పాటు మన మదనపల్లెకు చెందిన జస్టిస్ ఎస్.వి.ఎన్. భట్టి ఉన్నారు. కేరళలో పనిచేసినప్పుడు ఆ ఊళ్లో హిందువు నడిపే శాకాహార హోటలూ, ముస్లిం నడిపే శాకాహార హోటలూ ఉండేవని, శుభ్రత ప్రమాణాలు చూసి తాను ముస్లిం నడిపే హోటలుకు వెళ్లేవాడినని విచారణలో ఆయన చెప్పారు. ఒక న్యాయమూర్తి మనసులో మనకు స్థానం దొరికింది శుభ్రత వల్ల. ఈ విషయం మళ్లీ చెప్పవలసి వస్తుంది.

ఇక్కడ మనవాళ్లలో ఒక అపోహ ఉంది. పేరు ఎక్కడా కనపడనక్కరలేదని కోర్టు అన్నదని కొందరు అనుకుంటున్నారు. అలా కాదు. లైసెన్సు, రిజిస్ట్రేషన్ పత్రం దుకాణంలో కనిపించేలా పెట్టడం చట్టం కోరే షరతు. 2025 జూలైలో క్యూఆర్ కోడ్ వివాదం వచ్చినప్పుడు కూడా సుప్రీంకోర్టు ఇతర ప్రశ్నల జోలికి పోకుండా, లైసెన్సు పత్రాలు ప్రదర్శించవలసిందేనని అన్నది. ఆ పత్రంలో మన పేరు ఉంటుంది, ఉండాలి కూడా. సరుకు పాడైతే ఎవరిని పట్టుకోవాలో కొనుగోలుదారుకు తెలియాలి. మా అభ్యంతరం జవాబుదారీ కోసం రాసే పేరు మీద కాదు. నడిచే దారిలో దూరం నుంచే ఏరివేయడానికి బల్లెడు అక్షరాల్లో రాయించే పేరు మీద. ఆహార చట్టంలో లేబుల్ అంటే తినేదాని గురించి చెప్పేది. అందులో శాకాహారానికి ఆకుపచ్చ చుక్క, మాంసాహారానికి గోధుమరంగు త్రికోణం ఉన్నాయి. వండినవాడికి ఏ గుర్తూ లేదు.

హలాల్ ముద్ర వివాదం ఈ లేబుల్ ప్రశ్నకు మరొక కొస. 2023 నవంబరు 18న ఉత్తరప్రదేశ్ ఆహార భద్రతా విభాగం హలాల్ ధ్రువీకరణ ముద్ర ఉన్న ఆహార పదార్థాల తయారీ, నిల్వ, అమ్మకాలను రాష్ట్రంలో నిషేధించింది. ఎగుమతికి మినహాయింపు ఇచ్చింది. వాడిన అధికారం 30వ సెక్షన్‌లోనిది. ఆ సెక్షన్‌ను నెమ్మదిగా చదవండి. ప్రజారోగ్యం దృష్ట్యా ఒక ఆహార పదార్థాన్ని కమిషనర్ నిషేధించవచ్చు, గెజిట్‌లో ప్రకటించాలి, ఏడాదికి మించకూడదు. మన తెలంగాణలో 2024 అక్టోబరు 30న పచ్చి గుడ్లతో చేసే మయోనైజ్‌ను ఏడాది పాటు నిషేధించింది ఈ సెక్షన్ కిందనే. అక్కడ కారణం కళ్ల ముందుంది. జనం జబ్బుపడ్డారు, పచ్చి గుడ్డులో క్రిములు బతుకుతాయి, వేసవైనా చలికాలమైనా అది ప్రమాదమే. మనవాళ్ల మండీ, షవర్మా దుకాణాలకే దానివల్ల ఎక్కువ ఇబ్బంది కలిగింది. అయినా అది చట్టం ఉద్దేశించిన పనే కనుక మేము దానిని తప్పు పట్టలేదు.

మరి ముద్ర మాటేమిటి? అదే బిస్కెట్, అదే నూనె. ముద్ర ఉంటే లక్నోలో ఆరోగ్యానికి హానికరం, విమానం ఎక్కి విదేశానికి వెళితే హానికరం కాదు. ప్రజారోగ్యం అన్న మాట ఇక్కడ ఎలా అతుకుతుంది? మాంసం ఎగుమతిలో హలాల్ ధ్రువీకరణ ఎవరు ఇవ్వాలో చెబుతూ 2023 ఏప్రిల్‌లో కేంద్ర వాణిజ్య విభాగమే నిబంధన తెచ్చింది కూడా. ధ్రువీకరణ సంస్థల వ్యవహారంలో లోపాలు లేవని మేము అనడం లేదు. పరిశీలన లేకుండా డబ్బు తీసుకుని ముద్ర వేసేవారు ఉంటే, మోసపోయేది ముందుగా దానిని నమ్మి కొనే ముస్లింలే. అబద్ధపు ముద్రకు చట్టంలో మందు ఉంది. తప్పుదోవ పట్టించే లేబుల్ మిస్‌బ్రాండింగ్ అవుతుంది, 52వ సెక్షన్ కింద మూడు లక్షల రూపాయల వరకు జరిమానా పడుతుంది. నమూనా తీసి, నోటీసు ఇచ్చి, వాదన విని, ఫలానా ముద్ర అబద్ధమని తేల్చవచ్చు. ఆ దారి వదిలి, ముద్రలన్నిటినీ ఒకేసారి నిషేధించి, దానికి ముందురోజే లక్నోలో ఎఫ్.ఐ.ఆర్. నమోదు చేయడంలో ప్రక్రియ ఎక్కడుంది? వ్యాజ్యాలు సుప్రీంకోర్టుకు చేరాయి. 2025 జనవరిలో ప్రభుత్వ న్యాయవాది సిమెంటుకూ ఇనుప కడ్డీలకూ కూడా హలాల్ ముద్రలు వేస్తున్నారని కోర్టులో అన్నారు. వినేవారు నవ్వుకోవచ్చు. కాని నిషేధించింది ఆహార చట్టం కింద, సిమెంటును ఎవరూ తినరు.

కాగితం మీద జరిగే శిక్షల మాట ఇది. కాగితమే లేని శిక్ష ఇంకొకటి ఉంది. రొట్టె కాల్చేవాడు ఉమ్మాడని ఒక వీడియో వస్తుంది. ఎక్కడిదో, ఎప్పటిదో తెలియదు. సాయంత్రానికి ఆ వీధిలోని తందూర్లన్నీ చల్లబడతాయి. ఎవరైనా నిజంగా ఆ పని చేసి ఉంటే వాడు నేరస్థుడు, వాడి పేరు ఏదైనా సరే శిక్ష పడాలి. ఒకడి పనికి వంద తందూర్లు జవాబు చెప్పడం మాత్రం ఏ చట్టంలోనూ లేదు. 2024 సెప్టెంబరులో ఇలాంటి వీడియోల పేరు చెప్పే ఉత్తరప్రదేశ్ ప్రభుత్వం మళ్లీ యజమానుల పేర్ల ప్రదర్శనకు, సీసీ కెమెరాలకు ఆదేశించింది.

మన రాష్ట్రంలో తనిఖీ ఫొటోల సంగతి వేరు, దానిని దీనితో కలపము. 2024లో ఆహార భద్రతా విభాగం ప్రత్యేక బృందాలు హైదరాబాదు హోటళ్లను తనిఖీ చేసి, లోపాలను హోటల్ పేర్లతో, ఫొటోలతో ఎక్స్ ఖాతాలో ప్రకటించాయి. అందులో అన్ని మతాల వారి హోటళ్లూ ఉన్నాయి. బొద్దింకలున్న వంటగది గురించి తెలుసుకునే హక్కు తినేవారికి ఉంది. మా కోరిక చిన్నది. తనిఖీ రోజున పేరు ప్రకటించినవారు, నమూనా పరీక్షలో నెగ్గిన రోజునా, లోపం దిద్దుకున్న రోజునా అదే ఖాతాలో అంత పెద్దగానే ప్రకటించాలి. అప్పుడు అది సమాచారం అవుతుంది.

ఇప్పుడు మీకు నచ్చని మాట. రంజాన్‌లో మురుగు కాల్వ పక్కన హలీం బట్టీ పెట్టినప్పుడు మనల్ని ఏ ప్రభుత్వమూ అక్కడ పెట్టమనలేదు. కబాబుల్లో, బిర్యానీలో కృత్రిమ రంగులకు చట్టం అనుమతి ఇవ్వదు. అయినా ఎర్రగా లేకపోతే గిరాకీ రాదని వేస్తున్నారు. ఆ రంగు ముందుగా వెళ్లేది మన మొహల్లా పిల్లల కడుపుల్లోకే. అధికారి ఆ రంగు పట్టుకున్న రోజున, ముస్లిం కనుక వేధిస్తున్నారని మా దగ్గరకు వస్తే మేము ఆ కేసు తీసుకోము. ఇంతకుముందు రెండుసార్లు తీసుకోలేదు, అందుకు మాటలు పడ్డాము. నిజమైన వివక్ష కేసును కోర్టులో నిలబెట్టాలంటే అబద్ధపు కేసును మనమే గుమ్మంలో ఆపాలి. స్టాంపు పాతబడితే కొత్తది చేయించండి, దాని ఖరీదు ఒక పూట చాయ్ ఖర్చు కూడా కాదు. సరుకు ఎక్కడ కొన్నారో బిల్లులు దాచండి. తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నానని రుజువు చేసుకోగలిగితే అదే రక్షణ అని 80వ సెక్షన్ చెబుతుంది. ఆ రుజువు బిల్లులతోనే వస్తుంది, కన్నీళ్లతో రాదు.

బేకరీ యజమాని కేసు ఎక్కడుందో అడుగుతారు. అదనపు కలెక్టర్‌కు మేము రాసి ఇచ్చిన జవాబులో తేదీ ముద్ర లేని తప్పును మొదటి పేరాలోనే ఒప్పుకున్నాము. కొత్త స్టాంపు ఫొటో, దాని రసీదు జతచేశాము. జరిమానా నిర్ణయించేటప్పుడు తప్పు వల్ల వచ్చిన లాభమెంత, ఎవరికి నష్టం కలిగింది, ఇది మొదటిసారా, తెలిసి చేశారా అన్నవి చూడాలని 49వ సెక్షన్ చెబుతుంది. అవి ఒక్కొక్కటిగా రాశాము. ఆమ్లత్వం విషయంలో మూడు వివరాలు అడిగాము. నమూనా ప్రయోగశాలకు ఏ తేదీన చేరింది, ఏ తేదీన పరీక్ష మొదలైంది, అంతవరకు ఎక్కడ ఉంచారు. అనలిస్టు నివేదికకు చట్టం ఇచ్చిన గడువు 14 రోజులు. ఆయనకు నివేదిక అందింది రెండు నెలలకు. అప్పీలు గడువు దాటిపోయిందన్నది మా బలహీనత, దానిని దాచలేదు. ఇంగ్లీషు చదవలేని వ్యక్తికి ఇంగ్లీషులో మాత్రమే ఇచ్చిన కాగితాన్ని అందినట్లుగా ఎలా లెక్కిస్తారని అడిగాము. దానికి ఏం జవాబు వస్తుందో చూడాలి. వచ్చే నెల వాయిదా ఉంది. ప్రతికూలంగా వస్తే ఆహార భద్రతా అప్పీలు ట్రిబ్యునల్ ఉంది, అది దాటితే హైకోర్టు ఉంది. ఆయన బేకరీ మాత్రం నడుస్తూనే ఉంది. సంతకం పెట్టిన కుర్రాడు సిగ్గుపడి పని మానేస్తానంటే, యజమాని మానవద్దని ఆపారు.

నమూనా తీసేటప్పుడు అధికారి ఇచ్చే నోటీసును, ఎనిమిదో నంబరు అప్పీలు ఫారాన్ని మా బృందం తెలుగులోకీ ఉర్దూలోకీ మార్చింది. గుమ్మం దగ్గరి బల్ల మీద ప్రతులు ఉన్నాయి. ఒక్కొక్కరు రెండేసి తీసుకోండి. ఒకటి మీ గల్లాపెట్టెలో పెట్టండి. రెండవది మీరు లేనప్పుడు కౌంటర్ దగ్గర ఎవరు నిలబడతారో వారికి ఇచ్చి, నాలుగో భాగం అని రాసి ఉన్న చోట వేలు పెట్టి చూపించండి.